ప్రత్యూష: నాలుగేళ్ల తెర జీవితం

తెలుగు సినిమా వ్యాపారం నేలను జిల్లాల లెక్కన కాక ‘ఏరియా’ల లెక్కన చూస్తుంది, ఏరియా అంటే ఒక చిత్రం ప్రదర్శన హక్కులు కలిపి ఒక బేరంగా అమ్ముడుపోయే ప్రాంతం. ఆ లెక్కలో విజయనగరం జిల్లా తీరంలోని భోగాపురం ఉత్తరాంధ్రకు, నటి ప్రత్యూష పుట్టిన భువనగిరి నైజాంకు చెందుతాయి. డిజిటల్ ప్రదర్శన రాకముందు సినిమా రేకు పెట్టెల్లో రీళ్లుగా తిరిగేది. వెయ్యి అడుగుల రీలు తెర మీద పదకొండు నిమిషాలు నడిచేది. ప్రింట్లు కొద్దిగానే ఉండేవి కనుక విశాఖపట్నం, విజయనగరం వంటి పట్టణాల్లో ఆడిన తరువాతే బొమ్మ చిన్న ఊళ్లకు చేరేది. 1995లో ఈటీవీ, జెమిని వంటి ఉపగ్రహ చానళ్లు రావడంతో ఒకే ముఖం ఒకే గడియలో భువనగిరి ఇంట్లోనూ భోగాపురం ఇంట్లోనూ కనిపించే వీలు కలిగింది.

ప్రత్యూష ఈ మార్పు తెచ్చిన తరానికి చెందిన నటి. 1981 ఆగస్టు 29న నాటి నల్గొండ జిల్లాలోని భువనగిరిలో పుట్టిన ఆమె, టెలివిజన్ పోటీలో అందమైన చిరునవ్వుకు బహుమతి పొంది, 1998లో మోహన్‌బాబు ‘రాయుడు’తో వెండితెరకు వచ్చింది. రంగస్థలం మీద ఏళ్ల తరబడి సాధన చేసి మద్రాసు రైలెక్కిన పాత తరానికీ, ఇంకా టీనేజీలో ఉండగానే కెమెరా ముందు నిలిచిన ఈ అమ్మాయికీ మధ్య ఉన్న తేడా ప్రతిభలోది కాదు, దారిలోది.

అయితే టెలివిజన్ తలుపు తీసినంత మాత్రాన ఏరియాల బేరం మారలేదు. పంపిణీదారు డబ్బు పెట్టేది ప్రధానంగా కథానాయకుడి పేరు మీద. అందువల్ల కొత్త నటికి మొదట దొరికేది ‘రెండో హీరోయిన్’ వేషమో, కుటుంబ సభ్యురాలి పాత్రో. ప్రత్యూష నటించిన ‘సముద్రం’ (1999), ‘స్నేహమంటే ఇదేరా’ (2001) చిత్రాల్లో నాయికలుగా ముందు నిలిచింది సాక్షి శివానంద్, భూమిక. ‘కలుసుకోవాలని’ (2002)లోనూ ప్రత్యూష గజాలా పక్కనే కనిపిస్తుంది.

తమిళంలో మాత్రం లెక్క వేరుగా నడిచింది. తంబి రామయ్య దర్శకుడిగా పరిచయమైన ‘మను నీతి’ (2000)లో మురళి సరసన ఆమే నాయిక. మరుసటి ఏడాది విజయకాంత్ ‘తవసి’లోనూ, భారతీరాజా జాలరుల జీవితాన్ని తెరకెక్కించిన ‘కడల్ పూక్కళ్’లోనూ నటించింది, ఈ రెండో చిత్రానికి భారతీరాజా ఉత్తమ స్క్రీన్‌ప్లే జాతీయ పురస్కారం అందుకున్నారు. ముక్కాం, చేపల కంచేరు వంటి మత్స్యకార గ్రామాలున్న భోగాపురం తీరానికి ఇంత దగ్గరి కథలో తెలుగు నటి కనిపించింది తమిళం మాట్లాడే పాత్రలో కావడం కొంత విచిత్రమే.

2002 ఫిబ్రవరి 23న ఆమె హైదరాబాద్‌లో మరణించింది. అప్పటికి ఇరవై ఏళ్లు నిండి ఆరు నెలలైనా కాలేదు. ఆ మరణంపై కేసు ఏళ్ల తరబడి కోర్టుల్లో నడవడంతో, ఆమె గురించిన రాతల్లో నటన పక్కకు జరిగి వ్యాజ్యమే మిగిలింది. ‘మను నీతి’లో ఆమెను నాయికగా చూసినవారు తమిళ ప్రేక్షకులు, ఉత్తరాంధ్ర హాళ్లలో కూర్చున్నవారు చూసింది పోస్టరు మీద మరొకరి పేరు కింద ఉన్న ప్రత్యూషను.