ధర్మవరము రామకృష్ణమాచార్యులవారి విషాదాంతరచన

ఆంధ్రనాటకపితామహుఁడని లోకము కొనియాడిన ధర్మవరము రామకృష్ణమాచార్యులవారు (1853–1912) మన సీమవారు. జన్మస్థానము ధర్మవరము, కార్యస్థానము బళ్లారి. ధర్మవరము, పెనుగొండ, హిందూపురము ప్రాంతము లానాఁడు బళ్లారి జిల్లాలోనివి. 1882లోఁ గాని యనంతపురము జిల్లా వేఱుగా నేర్పడలేదు. 1953లో బళ్లారి మైసూరు రాష్ట్రమునఁ జేరుటచే నాయన కృషిస్థానము మనకుఁ బరరాష్ట్రమైనది.

ఆచార్యులవారు కవి యొక్కఁడే కాదు, ప్రయోక్తయుఁ గూడ. న్యాయవాదవృత్తి నవలంబించియే సరసవినోదినీ సభను స్థాపించి, స్వయముగా నాటకములు రచించి, ప్రదర్శింపించి, తానును నటించిరి. 1887లోఁ బ్రదర్శితమైన చిత్రనళీయము మొదలు సుమారు 30 నాటకములు వెలువరించిరి. పద్యములతోఁ బాటు పాటలను రంగమునఁ బ్రవేశపెట్టిరి. సుప్రసిద్ధనటుఁడు బళ్లారి రాఘవ (1880–1946) వీరి మేనల్లుఁడు.

వీరి కృతులలో నధికవివాదాస్పదము విషాదసారంగధర నాటకము. తెలుఁగున నిదియే మొదటి విషాదాంతనాటకమని ప్రసిద్ధి. సవతితల్లి చిత్రాంగి మోపిన యపనిందను నమ్మి, రాజరాజనరేంద్రుఁడు కొడుకు కాలుసేతులు నఱికించెను. పూర్వకథలలో సిద్ధుని యనుగ్రహమున నవయవములు మరలఁ గలుగును. ఆచార్యులవా రా మార్గమును విడిచి శోకముతోడనే ముగించిరి.

ఇచటఁ బూర్వపక్షము: దశరూపకము ప్రధాననాయకుని వధమును నిషేధించినది, కావున నిట్టి నాటకము శాస్త్రవిరుద్ధము. నేనును బాఠశాలలో నేండ్లకొలఁది యీ మాటనే బోధించితిని. ఇప్పు డది నిలువదని తోఁచుచున్నది.

ప్రసక్తమైనదానికే ప్రతిషేధము గాని, ప్రసక్తి లేనిదానికిఁ గాదు. నిషేధము గలదనఁగా నట్టి ప్రయోగము కవులలో సంభావ్యమై యుండెననియే యర్థము. భాసకృతముగా గణపతిశాస్త్రిగారు 1912లోఁ దిరువనంతపురమున ముద్రించిన యూరుభంగమున దుర్యోధనుఁడు రంగముమీఁదనే ప్రాణములు విడుచును. ఆ సంవత్సరమే యాచార్యులవారు పరమపదించిరి. కావున వారు భాసు ననుసరించిరనుట పొసఁగదు. వారికిఁ బ్రేరణ మాంగ్లనాటకము. అయినను బరదేశమునుండి తెచ్చినదని మన మనుకొన్నది మన యింటిలోనే తాళపత్రములలో దాఁగియున్నది.

మఱియొక విశేషము. సిద్ధుఁడు వచ్చి సరిదిద్దినచో రాజు తొందరపాటు కథలోఁ దుడిచిపోవును. ఆచార్యులవారి ముగింపున నది తుడిచిపోదు. విచారింపక విధించిన శిక్షకు మరలింపు లేదని ప్రేక్షకునకు నాటును. న్యాయస్థానముల నెఱిఁగిన కవి కీ ముగింపు రుచించుట యాశ్చర్యము కాదు. కరుణమును రసములలోఁ బరిగణించిన భరతుని సంప్రదాయమున కిది ద్రోహమని యిఁక నేను బోధింపఁజాలను. సహృదయులు విచారింతురు గాక.