మర్లవాయిలో ఉండి రాసిన పుస్తకాలు

బయటినుంచి వచ్చిన మనిషి ఒక ఊళ్ళో కాపురముండి ఆ ఊరి గురించి పుస్తకం రాస్తే, దాన్ని మనం ఏ కొలతతో కొలవాలి? వివరాలు నిజమా కాదా అని చూడటం మొదటి పని. విమర్శకుడి పని అంతటితో తీరదు. ఆ మనిషిని అక్కడికి ఎవరు పంపారు? ఎవరు చదవాలని రాశాడు? రాసినందువల్ల ఊరికి ముట్టిందేమిటి? ఈ మూడు ప్రశ్నలూ అడగకుండా అటువంటి పుస్తకాన్ని మెచ్చుకోవడమైనా, తోసిపుచ్చడమైనా తొందరపాటే.

అమెరికన్ పాత్రికేయుడు బెన్ ఎరెన్‌రైక్ 2016లో ప్రచురించిన 'ద వే టు ద స్ప్రింగ్' చదువుతున్నప్పుడు ఈ ప్రశ్నలు నన్ను బలంగా పట్టుకున్నాయి. పాలస్తీనాలో రమల్లాకు దగ్గర నబీ సాలిహ్ అనే చిన్న ఊరుంది. ఆ ఊరివాళ్ళ నీటి ఊటను ఎదుటి గుట్టమీద వెలసిన ఇజ్రాయెలీ వలస కాలనీవాళ్ళు కాజేశారు. 2009 చివరినుంచి ఊరివాళ్ళు ప్రతి శుక్రవారం ఆ ఊట వైపు ఊరేగింపుగా నడిచారు. సైన్యం అడ్డుకున్నది. ఎరెన్‌రైక్ ఆ ఇళ్ళలో ఉండి, ఆ ఊరేగింపుల వెంట నడిచి రాశాడు. తాను తటస్థుణ్ణి కానని మొదట్లోనే చెప్పుకున్నాడు. అక్కడ ఊట, ఇక్కడ భూమి, అడవి. చదువుతున్నంతసేపూ నాకు మందమర్రికి పడమర అడవుల్లో ఉన్న మర్లవాయే గుర్తుకు వచ్చింది. అక్కడా ఒక బయటివాడు ఉండి రాశాడు. అయితే అతడు వచ్చిన దారి వేరు.

ఆదిలాబాదు గోండుల గోడు తెలియంది కాదు. అడవులకు సర్కారు హద్దులు గీసింది. తరతరాలుగా పోడు కొట్టుకుని బతికినవాళ్ళు తమ ఊళ్ళలోనే దొంగలయ్యారు. సాగు చేసింది గోండులు, పట్టాలు పొందింది మైదానాలనుంచి వచ్చినవాళ్ళు. దీనికి ఎదురు తిరిగిన కుమ్రం భీమ్‌ను 1940లో జోడేఘాట్‌లో నిజాం పోలీసులు కాల్చి చంపారు. ఆ తరువాతే ప్రభుత్వానికి గోండుల బాధలు తెలుసుకోవలసిన అగత్యం పడింది.

ఆ పనికి దొరికినవాడు క్రిస్టొఫ్ ఫాన్ ఫ్యూరర్ హైమన్‌డార్ఫ్. 1909లో వియన్నాలో పుట్టిన మానవశాస్త్రవేత్త. జర్మన్ పాస్‌పోర్టు ఉన్న పాపానికి, రెండో ప్రపంచ యుద్ధం వచ్చాక బ్రిటిష్‌వాళ్ళు ఆయనను హైదరాబాదు రాజ్యం పొలిమేరలకు పరిమితం చేశారు. నల్లమల చెంచుల మీద, గోదావరి కొండరెడ్ల మీద పనిచేసి, భార్య బెట్టీతో కలిసి మర్లవాయిలో మకాం పెట్టాడు. కాల్పులు జరిపిన ప్రభుత్వమే కారణాలు తెలుసుకునే పని కూడా చేయించింది. ఈ వైరుధ్యాన్ని మనం దాచనక్కరలేదు. అట్లాగని ఆయనను సర్కారు మనిషి అని ఒక్క మాటలో కొట్టివేయడమూ చరిత్ర కాదు. జోడేఘాట్‌లో నెత్తురు పారకపోతే మర్లవాయి పుస్తకాలకు ఆ చోటే ఉండేది కాదు. ఆ పుస్తకాలకు మొదటి కారకుడు భీమే.

ఇక పుస్తకాల మాట. ఆయన రచనలో ఒక చీలిక కనబడుతుంది. 1945లో వచ్చిన 'ట్రైబల్ హైదరాబాద్' ప్రభుత్వానికి రాసిన నాలుగు నివేదికల సంపుటి. భూమి పోయిన తీరు, అటవీ సిబ్బంది జులుం, తిరుగుబాటు వెనుకటి కారణాలు ఆ రచనలో చోటు చేసుకున్నాయి. 1948లో వచ్చిన 'ద రాజ్ గోండ్స్ ఆఫ్ ఆదిలాబాద్' విద్వాంసుల కోసం రాసినది. అది ప్రధానంగా పర్ధానులు కీక్రీ మీద పాడే గాథలు, పెర్సాపేన్ పూజలు, పండుగలు. రెండూ కష్టపడి రాసినవే, రెండూ విలువైనవే. కాని అధికారి చదివే పుస్తకంలో గోండుకు ఆకలి ఉంది, పండితుడు చదివే పుస్తకంలో గోండుకు దేవుడున్నాడు. పర్ధాను పాటలోని దేవుడూ, అటవీ శాఖ తగలబెట్టిన గుడిసె కూడా ఒకే మనిషివి కదా! చదివేవాడు మారితే మనిషి రెండుగా చీలిపోయాడు.

మూడో ప్రశ్నకు మాత్రం హైమన్‌డార్ఫ్ దగ్గర గట్టి జవాబుంది. 1943లో మర్లవాయిలో గోండు యువకులకు ఉపాధ్యాయ శిక్షణ మొదలైంది. నాగరి లిపిలో గోండి వాచకాలు తయారయ్యాయి. అంతవరకు ఇతరుల పుస్తకాలకు విషయంగా ఉన్నవాడు పలక పట్టి పాఠం చెప్పేవాడయ్యాడు. ఉపాధ్యాయుడిగా నాకు ఆయన గ్రంథాలన్నిటికంటె ఇదే పెద్ద పని అనిపిస్తుంది. 1940ల చివరికి గిరిజనులకు లక్షన్నర ఎకరాలకు పైగా భూమికి పట్టాలు దక్కాయి.

ఆ పట్టాలు నిలిచాయా? 1970ల చివర ఆయన తిరిగి వచ్చి చూశాడు. 1959 నిబంధన ఉన్నా, దాన్ని బిగించిన 1970 నాటి 1/70 చట్టం ఉన్నా భూమి చేతులు మారుతూనే ఉంది. 1982లో వచ్చిన 'ట్రైబ్స్ ఆఫ్ ఇండియా' ఆ నష్టానికి లెక్క. తాను నమ్మిన సంస్కరణ కళ్ళ ముందే కూలిపోయిందని ముసలితనంలో రాసి ఒప్పుకోవడానికి నిజాయితీ కావాలి. ఆ పుస్తకానికి ఒక ఏడాది ముందే, 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో సభకు వచ్చిన గోండుల మీద పోలీసులు కాల్పులు జరిపారు. ప్రభుత్వం చెప్పిన లెక్క 13 మంది. పౌరహక్కుల సంఘాల లెక్క అంతకు ఎన్నో రెట్లు. పై నుంచి దయతో దిగివచ్చిన సంస్కరణకు కింద ప్రజల పట్టు లేకపోతే ఏమవుతుందో చెప్పడానికి ఇంతకంటె సాక్ష్యం అక్కరలేదు.

మన సాహిత్యం ఏం చేసింది? 1983లో అల్లం రాజయ్య, సాహు కలిసి 'కొమురం భీం' నవల తెచ్చారు. నివేదికలో కారణాల జాబితాగా మిగిలినవాడు నవలలో మనిషిగా లేచి నిలబడ్డాడు. అది మనం గర్వపడవలసిన పనే. కాని ఆ దారిలో మనలో ఎంతమందిమి నడిచాం?

నా సంగతే చెబుతాను. కొన్నేళ్ళ కింద ఒక గోండు గూడెం మీద వ్యాసం రాసి తరగతిలో చదివి వినిపించాను. ఆ ఊరి పిల్లవాడొకడు లేచి, "సార్, మా ఊళ్ళె ఎవరింట్ల పన్నరు మీరు?" అని అడిగాడు. నేను పొద్దున వెళ్ళి సాయంత్రం బస్సుకు మందమర్రి చేరినవాణ్ణి. పిల్లవాడు ఎగతాళికి అడగలేదు, తమవాళ్ళలో ఎవరింట్లోనో ఉండి ఉంటానని సంబరంగా అడిగాడు. అందుకే ఆ ప్రశ్న నాకు ఇంకా గుచ్చుకుంటూనే ఉంది.

బెట్టీ 1987లో చనిపోతే మర్లవాయిలోనే సమాధి చేశారు. 1995లో లండన్‌లో కన్నుమూసిన హైమన్‌డార్ఫ్ అస్థికలు కూడా తరువాత ఆమె పక్కకే చేరాయి. గోండులు ఏటా అక్కడ వాళ్ళను తలుచుకుంటారు. ఊరు వాళ్ళ పుస్తకాలు చదివి ఈ గౌరవం ఇవ్వలేదు. ఉన్నందుకు ఇచ్చింది, తిరిగి వచ్చినందుకు ఇచ్చింది.

ఊళ్ళో ఉండటం ఒక్కటే చాలదని 1948 పుస్తకం చెబుతుంది. ఉండకుండా రాయకూడదని నా వ్యాసం చెబుతుంది. నిబద్ధత గురించి వేదికల మీద మాట్లాడే మనం, రాసినదాన్ని ముందుగా ఆ ఊళ్ళో, ఆ మనుషుల ముందు చదవగలగాలి. వాళ్ళు తప్పన్నచోట దిద్దుకోగలగాలి. ఆ పిల్లవాడి ఊరి మీద నా వ్యాసం మళ్ళీ రాయవలసి ఉంది. ఈసారి సాయంత్రం బస్సు ఎక్కను.