ఆ సందు ఎవరిది?

మొన్న ఆదివారం గోదావరిఖని నుంచి బాపు ఫోన్. "పక్కింటోళ్ళు సందుకు గేటు వెట్టిండ్రురా. ముప్పై ఏండ్ల సంది నడుస్తున్నం, అది మన బాట కాదా?"

మా ఇల్లు, వాళ్ళ ఇల్లు రెండూ ఒకప్పుడు కంపెనీ జాగాలో వేసుకున్న గుడిసెలే. ముప్పై ఏళ్ళంటే కేసు మనదే అనుకుని చట్టం చదవడం మొదలుపెట్టాను. అంత ఈజీ కాదని తేలింది.

దారి హక్కుకి 20 ఏళ్ళ లెక్క ఇంగ్లండులో 1832లో వచ్చిన చట్టంలోనే ఉంది. విట్లీ స్టోక్స్ రాసిన 1882 ఈజ్‌మెంట్స్ చట్టంలోనూ అదే అంకె. మొదట అది మద్రాసు ప్రెసిడెన్సీ, సెంట్రల్ ప్రావిన్సెస్, కూర్గులకే. అంటే కోస్తాకి, సీమకి వచ్చింది. నిజాం రాజ్యం బ్రిటిష్ ఇండియాలో లేదు కాబట్టి అప్పట్లో మనకి రాలేదు. తర్వాత 1963 లిమిటేషన్ చట్టం 25వ సెక్షన్ కూడా 20 ఏళ్ళే అంది. సర్కారు భూమి మీదైతే 30.

కానీ ఊరికే నడిస్తే చాలదు. గొడవ లేకుండా, అందరికీ కనబడేలా, మధ్యలో ఆగకుండా, "హక్కుగా" నడవాలి. చిక్కంతా ఈ చివరి మాటలోనే. "కాకా, జర ఇట్ల పోతనే" అని అడిగి నడిస్తే అది అనుమతి, హక్కు కాదు. చిత్రం ఏంటంటే, ఎంత మంచిగా కలిసి ఉంటే కోర్టులో అంత బలహీనం!

ఇంకో మెలిక ఉంది. ఈజ్‌మెంట్ ఉండాలంటే రెండు స్థలాలు, ఇద్దరు యజమానులు ఉండాలి. రెండూ ఒకరి చేతికే పోతే ఆ హక్కు అక్కడితో సరి. కోల్‌బెల్ట్ చరిత్ర మొత్తం ఇదే కదా! సింగరేణి కంపెనీ 1920లో ఆ పేరుతో ఏర్పడింది, 1945లో నిజాం సర్కారు చేతికొచ్చింది. బొగ్గు కోసం భూములు తీసుకోవడానికి 2013 దాకా 1894 భూసేకరణ చట్టం ఉండేది, 1957 బొగ్గు భూముల చట్టం ఉంది. రెండింట్లోనూ ఒకటే మాట: భూమి "ఏ చిక్కులూ లేకుండా" దఖలు పడుతుంది. మన భాషలో చెప్పాలంటే ఫార్మాట్ కొట్టినట్టే. దాని కింద బండ్ల బాట, చెరువుకి పోయే తోవ, పక్కవాడి చేనులోంచి నడక అన్నీ పోతాయి. నిజానికి 1894 చట్టం దారి హక్కున్నవాణ్ణి కూడా "హక్కుదారు"గానే చూసింది, నష్టపరిహారం అడిగే వీలుండేది. కానీ కాయితం లేని బాటకి ఏం చూపించి అడిగేవాడు?

ఆ ఖాళీ జాగాల్లోనే మళ్ళీ గుడిసెలు లేచాయి. మధ్యలో సందులు పడ్డాయి. చట్టం కళ్ళకి మాత్రం రెండు గుడిసెలూ, సందూ అన్నీ ఒకే యజమానివి. ఇక ఎవరి మీద ఎవరికి హక్కు? బాపు ముప్పై ఏళ్ళు నడిచినా ఆ గడియారం తిరగనే లేదన్నమాట.

2019లో 76వ నంబరు జీవో వచ్చింది. సింగరేణి వదులుకున్న భూముల్లో ఇళ్ళు కట్టుకున్నవాళ్ళకి పట్టాలకి దారి దొరికింది. మంచిదే. కానీ పట్టా చేతికొచ్చిన రోజే ఒక్క యజమాని ఇద్దరవుతారు, సందు గొడవ అసలు అప్పుడే మొదలవుతుంది. వేరే దారే లేకపోతే "అవసరం" కింద హక్కు అడగొచ్చు. ఇంకో దారి దొరికిందా, అది పోతుంది. మాకేమో ముందు రోడ్డు ఉండనే ఉంది.

2024లో మహారాష్ట్ర నుంచి ఇలాంటి కేసే సుప్రీంకోర్టుకి వెళ్ళింది. దారిని "చాలా ఏళ్ళుగా" వాడుతున్నామని రాసుకున్నారు. "చాలా ఏళ్ళు" అంటే 20 ఏళ్ళు దాటినట్టు కాదు అంది కోర్టు. వేరే దారి కూడా ఉండటంతో కేసు పోయింది.

అందుకే బాపుకి చెప్పాను: కోర్టు మాట వద్దు. పక్కింటి కాకతో కూర్చుని, సందు వెడల్పు ఎన్ని అడుగులో టేపు పెట్టి కొలవండి. పట్టాలు వచ్చాక ఇద్దరూ కలిసి "రాకపోకలకు ఉమ్మడి సందు" అని రాసుకుని రిజిస్టర్ చేయించండి. రాసిచ్చిన దారి, అవసరం తీరినంత మాత్రాన పోదు.

బాపు కాసేపు ఏం మాట్లాడలేదు. "కాయితం రాద్దామంటే మా మీద నమ్మకం లేదా అంటడు గదరా" అన్నాడు.

దానికి ఏ సెక్షన్‌లోనూ నాకు జవాబు దొరకలేదు. టేపు మాత్రం ఈసారి ఊరికి పోయినప్పుడు నేనే పట్టుకెళ్తాను.