దిబ్బలును తీర్థములును

మనవారికి తీర్థయాత్ర తెలియును. దిబ్బల యాత్ర తెలియదు. స్నానము చేయుటకు నది యెంతదూరమున నున్నను పోవుదురు గాని, తమ యూరి నడుమనున్న మంటిదిబ్బ యేమియో తెలిసికొనుటకు నాలుగడుగులు నడువరు. ఈ రెంటిని ఒక్కదినముననే చూచి రావలెనన్న తలంపుతో గత మాఘమాసమున మేము మచిలీపట్టణము నుండి బయలుదేరితిమి. ఉదయమున గుడివాడ, మధ్యాహ్నమున ఘంటసాల, సాయంకాలమునకు దివిసీమ కొననున్న హంసలదీవి: ఇది మా క్రమము. మాతోకూడ మా వదినగారును, ఆమె కుమార్తె, పండ్రెండేండ్ల బాలికయు వచ్చిరి. ఆ బాలిక గుడివాడలో అడిగిన యొక ప్రశ్నయే ఈ వ్యాసమునకు మూలము.

గుడివాడలో పూర్వమొక బౌద్ధస్తూపముండెడిది. ఊరి పడమటి పాటిమన్నులో సీసపు నాణెములు, రాతిపూసలు, గాజుపూసలు దొరకుటచేత అది ఆంధ్రరాజుల కాలమునాటికే వర్ధిల్లిన పట్టణమని పండితులు నిశ్చయించిరి. మాకు త్రోవచూప వచ్చిన పెద్దమనిషి ఆ స్థలమును చూపి, స్తూపమును గూర్చి తనకు తెలిసినంత చెప్పెను. అంతట మా బాలిక, "తాతగారూ, ఈ దిబ్బకు పేరేమిటండీ?" అని అడిగెను. ఆయన తడబడి, నావైపు తిరిగి, "ఆడవాళ్ళ ముందు పలకరాని పేరు బాబుగారూ. ఎవతెయో భోగముది కట్టించిందంటారు. పాపకు వేరే ఏదైనా చెప్పండి" అని గొంతు తగ్గించి పలికెను.

ఆ పేరు పురావస్తుశాఖవారి పాతగ్రంథములలో అచ్చుపడియేయున్నది గనుక దాచి ప్రయోజనములేదు. దానిని లంజదిబ్బ యందురు. ఇది గుడివాడ కొక్కదానికే కలిగిన దుర్గతి కాదు. కృష్ణకు ఆవలిదరినున్న భట్టిప్రోలు స్తూపమునకును ఇదే పేరు. బుద్ధుని ధాతువులను నిక్షేపించి, తరతరములు ప్రదక్షిణము చేసిన స్థలములు జనుల నోట ఇట్టి పేరుతో మిగిలినవి. ధర్మము మారినది, భిక్షువులు పోయిరి, శాసనముల లిపి చదువగలవారు లేకపోయిరి. అర్థముకాని కట్టడమునకు కథ కావలసివచ్చినది. కథ కట్టువారికి ఆడుదానిని నిందించుటకంటె సులభమైనది మరియొకటి కనబడలేదు.

ఇందొక సంగతి స్పష్టముగా చెప్పవలెను. నిజముగా ఒక వేశ్యయే స్తూపము కట్టించియున్నను అది సిగ్గుపడవలసిన విషయము కాదు. వైశాలినగరపు ఆమ్రపాలి తన మామిడితోటను బుద్ధునికి సమర్పించెననియు, ఆయన దానిని ఆదరముతో స్వీకరించెననియు బౌద్ధగ్రంథములు చెప్పుచున్నవి. ఆ గ్రంథములు ఆమెను పేరుతో స్మరించినవి. మనము మాత్రము పేరును విడిచి తిట్టును నిలుపుకొంటిమి. మన అపరాధమిదే.

ఈ స్తూపములు దిబ్బలెట్లయ్యెను? ఈ ప్రశ్నకు సమాధానము మన నేలలోనే యున్నది. కృష్ణ దిగువభూమి అంతయు నది తెచ్చిపోసిన ఒండ్రు. ఇచ్చట ఎంత త్రవ్వినను మన్ను వచ్చును, నీరు వచ్చును; రాయి రాదు. ప్రాచీనులు స్తూపముల లోపలిభాగమును ఇటుకతో కట్టి, పైతొడుగునకు కావలసిన పాలరాతివంటి సున్నపురాతిని ఎగువనున్న పల్నాటి ప్రాంతమునుండి తెప్పించిరి. రాయి అరుదైనచోట రాతి కట్టడమే గనియగును. 1852లో బెజవాడవద్ద కృష్ణకు ఆనకట్ట ఆరంభమై 1855లో ముగిసినది. తరువాత కాలువలు, తూములు, బాటలు పుట్టినవి. వానికన్నిటికిని రాయి, ఇటుక కావలసివచ్చెను. భట్టిప్రోలు స్తూపపు పాలరాళ్ళు వెల్లటూరు తూము కట్టుబడికి పోయినవి. గుడివాడ స్తూపపు ఇటుక బాటల మరమ్మతునకు పోయినది. ఆ కాలువల నీటితోనే మన పొలములు పండుచున్నవి, మన బిడ్డలు అన్నము తినుచున్నారు గనుక కాలువలను నిందించుట కృతఘ్నత. కాని ఆ దిబ్బ యేమియో ఊరివారెవరికైనను తెలిసియుండినయెడల, "ఇది మాది, దీనిని ముట్టవలదు" అని యొక్కరైనను అడ్డుపడియుండెడివారు. నీచమైన పేరుగల దిబ్బను కాపాడుట కెవరు ముందుకు వత్తురు? పారకంటె ముందు పేరే ఆ స్తూపములను పడగొట్టినది.

ఇంతయు పోగా మిగిలినదానిని 1892లో అలెగ్జాండరు రీ దొర భట్టిప్రోలులో త్రవ్వించెను. గర్భములో రాతి కరండములు, వానిలో ధాతువులు, బంగారుపూలు, ముత్యములు దొరకినవి. కరండములపై శాసనములును ఉండెను. వాని లిపి అశోకుని బ్రాహ్మికి సమీపమైనదయ్యు కొన్ని యక్షరములలో భేదించుటచే, నేడు పండితులు దానిని భట్టిప్రోలు లిపియనియే పిలుచుచున్నారు. ఆ నిక్షేపములలో ఆరు పలకల స్ఫటికమొకటి యున్నది. దానిపైన సన్నని యక్షరములతో, నందపురమునుండి వచ్చిన స్త్రీలును, కొందరు శ్రామణేరులును ఇచ్చిన దానమిది యని చెక్కబడియున్నది. స్త్రీలను చెప్పుటకు అచ్చట వాడిన మాట 'మాతుగామ'. ఆ మాటలో తల్లి యున్నది. పైన జనులు పెట్టిన పేరొకటి; గర్భములో రెండువేల యేండ్లుగా దాగియున్న పేరు వేరొకటి!

ఈ మాటలు చెప్పుకొనుచు మేము పామర్రు, కూచిపూడి దాటి ఘంటసాల చేరితిమి. ఇచ్చట సముద్రము కంటికి కనబడదు. అయినను క్రీస్తుశకము రెండవ శతాబ్దమున టాలమీ యను గ్రీకు భూగోళశాస్త్రజ్ఞుడు మైసోలియా దేశమున 'కొంటకొస్సుల' యను వర్తకపట్టణమును పేర్కొనెను. అది మన శాసనములలోని కంటకసేలయే యనియు, నేటి ఘంటసాలయే యనియు పండితుల నిర్ణయము. ఇచ్చట దొరకిన ప్రాకృతశాసనములలో ఒకదానియందు శివకుడను మహానావికుడు, అనగా ఓడల పెద్ద, కనబడుచున్నాడు. నేడు వరిచేల నడుమనున్న ఈ పల్లె ఒకనాడు సముద్రవర్తకమునకు ద్వారమైయుండెను. నది యేటేట ఒండ్రు పోసి సముద్రమును వెనుకకు నెట్టినది. తరువాత కాలమున రేవు మచిలీపట్టణమునకు పోయినది. ఇక్కడి శివాలయములోని దేవునికి జలధీశ్వరుడను పేరు నిలిచియున్నది.

ఘంటసాల స్తూపమునుకూడ రీ దొరయే త్రవ్వించెను. అది చక్రమువంటి కట్టుబడి. నడుమ ఇటుకల చదరము, దానిచుట్టు గోడలు, వానినుండి బయటి వలయమునకు బండిచక్రపు ఆకులవలె సాగిన మరికొన్ని గోడలు. నడిమి సందులలో మన్ను నింపిరి. ఇటుకయంతయు వ్యర్థము చేయక, మంటితోనే గట్టిదనము సంపాదించిన ఆ ఉపాయము, రాయిలేని సీమ శిల్పుల బుద్ధికి చక్కని సాక్ష్యము. ఇక్కడి శిల్పములలో కొన్ని ప్యారిసు నగరపు గిమే ప్రదర్శనశాలకు చేరినవి. ఊరిలో మిగిలినవి పురావస్తుశాఖవారి చిన్న ప్రదర్శనశాలలో నున్నవి.

మా బాలిక ప్రశ్నకు పూర్ణమైన సమాధానము ఇచ్చట దొరకినది. కాని అది చెక్కబడియుండినది ఘంటసాలలో గాదు, దూరమున నాగార్జునకొండలో. ఇక్ష్వాకురాజగు వీరపురుషదత్తుని పదునాలుగవ రాజ్యసంవత్సరమున, అనగా క్రీస్తుశకము మూడవ శతాబ్దమున, బోధిసిరి యను ఉపాసిక యక్కడ ఒక చైత్యగృహము కట్టించి శాసనము వ్రాయించెను. ఆమె రాణి కాదు. గృహపతుల ఇంటి ఆడపడుచు. తాను పలుచోటుల చేసిన దానములన్నియు ఆ శాసనమున వరుసగా చెప్పించెను. ఒకచోట చెరువు త్రవ్వించెను, మరియొకచోట భిక్షువులకు గదులు కట్టించెను. ఆ వరుసలోనే, కంటకసేలలోని మహాచైత్యమునకు తూర్పువాకిట రాతిమండపము కట్టించెనని యున్నది. ఆ పుణ్యమును తల్లిదండ్రులకు, తోబుట్టువులకు, బిడ్డలకు, అత్తవారింటివారికి పంచియిచ్చెను. రాయి దొరకని సీమలో రాతిమండపమెంత ప్రియమైన దానమో గృహిణులకు వేరుగా చెప్పనక్కరలేదు. ఆ లోయ నేడు నాగార్జునసాగర జలాశయమున మునిగియున్నది. నీరు నిండుటకు ముందు ముఖ్యమైన యవశేషములను కొండమీదికి తరలించి భద్రపరచిరి. బోధిసిరి పేరు నీటికిని చిక్కలేదు. "అయితే ఈ ఊరి దిబ్బ పేరు బోధిసిరి దిబ్బ అనాలి బాబాయి" అని మా బాలిక అనెను. నేను కాదనలేకపోతిని.

శిథిలములమీద స్త్రీలనుగూర్చి వట్టికథలు పెరుగుట మన దేశమున కొక్కదానికే చెల్లలేదు. మెక్సికో దేశపు యుకటాన్ ద్వీపకల్పములో మాయాజాతివారి ప్రాచీననగరము చిచెన్ ఇట్జా యున్నది. ఆ సీమ మన కృష్ణసీమకు సరిగా తలక్రిందులు. మనకు నది యున్నది, రాయి లేదు. వారికి కావలసినంత సున్నపురాయి యున్నది, నేలపై నది లేదు. వాననీరు రాతిలో ఇంకి భూగర్భమున పారును. పైకప్పు కూలినచోట లోతైన మడుగు బయటపడును. అట్టి మడుగులే ఆ జాతికి ప్రాణాధారములు. చిచెన్ ఇట్జా యనుమాటకే ఇట్జావారి నూతినోరని యర్థము. నేడు యాత్రికులు శిథిలములను చూచి, ఆ ప్రాంతపు మడుగులలో ఈదులాడి వచ్చుచున్నారు. ఆ నగరపు పవిత్రమైన మడుగులోనికి అందమైన కన్యలను బలిగా త్రోసెడివారని విదేశీయులు ఎంతయో కాలము కథలు వ్రాసిరి. 1904 మొదలు ఎడ్వర్డు థాంప్సన్ ఆ మడుగును తోడించి, బంగారమును, జేడు రాళ్ళను, ఎముకలను వెలికితీసి అమెరికాలోని హార్వర్డు విశ్వవిద్యాలయపు ప్రదర్శనశాలకు పంపెను. తరువాత శాస్త్రజ్ఞులు ఆ ఎముకలను పరీక్షింపగా పురుషులు, స్త్రీలు, పెక్కుమంది పిల్లలు కనబడిరి. కన్యల కథ నిలువలేదు. బలి దారుణమే, అది సత్యము. కాని సత్యమును కథ యెట్లు మరుగుపరచునో చూడుడు. ఎముకలు అక్కడ సాక్ష్యమిచ్చినవి. స్ఫటికము ఇక్కడ సాక్ష్యమిచ్చినది.

ఎండ వాలునప్పటికి పులిగడ్డ చేరితిమి. ఇచ్చట కృష్ణ రెండుపాయలై దివిసీమను కౌగిలించుకొనును. అవనిగడ్డ, కోడూరు దాటి, వేణుగోపాలస్వామి కోవెలను దర్శించి, సాగరసంగమమునకు పోతిమి. మాఘపూర్ణిమకు ఇచ్చట వేలకొలది జనులు స్నానమాడుదురు. ఆ నీటిని చూచి భక్తితోపాటు భయమును ఉంచుకొనవలెను. 1977 నవంబరు 19న తుపానుతో లేచిన ఉప్పెన ఈ దివిసీమలోనే వేలమంది ప్రాణములను తీసికొనెను. ఏటి ఒరవడియు సముద్రపు అలయు పెనగులాడు చోటు గనుక, ఈతవచ్చినవారును స్థానికులు చూపిన చోటనే దిగుట వివేకము. మేమును అట్లే, మోకాలిలోతు నీటిలో చేతులు పట్టుకొని మునిగితిమి.

ఈ క్షేత్రమునకు హంసలదీవి యను పేరెట్లు వచ్చినదో అచ్చటివారు చెప్పుదురు. లోకుల పాపములను కడిగి కడిగి గంగ నల్లబడెనట. కాకిరూపమున తీర్థములన్నిటను మునుగుచు తిరిగి, తుదకు ఇచ్చట మునిగి తెల్లని హంసయై లేచెనట. ఈ కథను అక్షరములా నమ్మనక్కరలేదు. కాని దానిలోని న్యాయమును చూడుడు. గంగ తన దోషముచేత నల్లబడలేదు. ఇతరుల మురికిచేత నల్లబడినది. మన దిబ్బలును అట్టివే. వానిమీది మురికి మన నాలుకలది.

ఆ మురికిని కడుగుటకు ప్రభుత్వపు సొమ్ము అక్కరలేదు, మహాసభలు అక్కరలేదు. సెలవుదినమున పిల్లలను వెంటబెట్టుకొని ఆ దిబ్బలవద్దకు పోయి నిలుచుట, ఆ పాతపేరును విడిచి స్తూపమని పలుకుట, నందపురపు స్త్రీలను, బోధిసిరిని ఇంటిలో కథగా చెప్పుట చాలును. తిరుగుదారిలో మా బాలిక ఒడిలో నోటుపుస్తకముంచుకొని ఏదో వ్రాసికొనుచుండెను. వంగి చూచితిని. గుడివాడ యని వ్రాసి, దానిప్రక్క పేరు వ్రాయవలసినచోట కొంత ఖాళీ విడిచియుంచినది. ఆ ఖాళీని పూరింపవలసినవారు ఆ యూరి తల్లులు.