ఇండొనీషియా యువతరము

1922 లో బటేవియాలోని ప్రభుత్వ ప్రచురణ సంస్థ బలై పుస్తక ఒక నవలను వెలువరించెను. పేరు సిట్టి నూర్బాయా. రచయిత సుమత్రా దీవికి చెందిన మారా రుస్లి. అప్పులపాలైన తండ్రిని చెరసాలనుండి తప్పించుటకై, వలచిన యువకుని విడనాడి ముసలి షావుకారును పెండ్లాడిన పడుచు కథ అది. కన్యాశుల్కము చదివిన మనకు ఇట్టి పెండ్లి వింత గాదు. ఇండొనీషియాలో మాత్రము ఆ పిల్ల పేరు జాతీయమై నిలిచినది. ఇష్టములేని సంబంధము తెచ్చిన తల్లిదండ్రులతో, ‘ఇది నూర్బాయా కాలము కాదు’ అని పిల్లలు నేటికిని అనుచుందురు.

పిన్నలు పెద్దలకు ఎదురాడుట ఎల్లదేశములందును కలదు. అయితే ఇండొనీషియాలో ఆ ఎదురాటయే పలుమార్లు దేశచరిత్రను మలుపు త్రిప్పినది. ‘పెముడా’ యనగా యువకుడు. అక్కడి చరిత్రకారులకు అది ఒక రాజకీయశక్తి పేరు కూడ.

1928 అక్టోబరు 27, 28 తేదీలలో బటేవియాలో యువజన మహాసభ జరిగెను. అధ్యక్షుడు సుగొండొకు 23 ఏండ్లు, ప్రతిజ్ఞ రచించిన మహమ్మద్ యామిన్‌కు 25. తమకు మాతృభూమి ఒక్కటే, జాతి ఒక్కటే అని వారు ప్రతిన పట్టిరి. ఐక్యతకై ఇండొనీషియా భాషను నిలుపుదుమనిరి. ఈ మూడవదే నా దృష్టిలో అసాధారణమైనది. ఆ దీవులలో అన్నిటికంటె ఎక్కువమంది పలుకునది జావా భాష. అయినను సభలోని జావా యువకులు దానిని కోరక, రేవుపట్టణములలో బేరసారములకు వాడుకొను మలయ్‌ను అంగీకరించిరి. మలయ్ మాతృభాషగా గలవారు కొద్దిమందే గనుక, దానివలన ఒకజాతి మరొకజాతిపై పెత్తనము చేయునను భయములేదు. ఇంకొక కారణము ఇంటిలోనిది. మనము నీవు, మీరు అని మర్యాదభేదము చూపుదుము. జావా భాషలో అది అంతటితో ఆగదు. తినుట, పోవుట, ఇల్లు వంటి మాటలకు సయితము వేర్వేరు రూపములు కలవు. తండ్రి ‘ఙొకొ’లో పలుకగా కొడుకు ‘క్రమ’లో బదులీయవలెను. అట్టి భాషలో వాదమునకు దిగిన కొడుకునకు ప్రతి క్రియాపదమును వాని స్థానమును గుర్తుచేయుచుండును. మలయ్‌లో ఆ బరువు తక్కువ.

1945 లో జపాను లొంగిపోగానే స్వాతంత్ర్యము ప్రకటింపుడని యువకులు తొందరపెట్టిరి. నాయకులు తటపటాయింపగా, ఆగస్టు 16 తెల్లవారుజామున 44 ఏండ్ల సుకర్ణోను, 43 ఏండ్ల హట్టాను రెంగాస్‌డెంగ్‌క్లోక్ అను ఊరికి పట్టుకొనిపోయిరి. మరునాడు ప్రకటన వెలువడెను.

ఆ సుకర్ణోయే 1959 ఆగస్టు 17 ఉపన్యాసమునందు యువకులు మోజుపడు పాశ్చాత్యసంగీతమును ‘ఙక్ ఙిక్ ఙొక్’ అని వెక్కిరించెను. ఆ ఏడే అక్కడి ప్రభుత్వ రేడియో రాకెన్‌రోల్ పాటలను మానివేసెను. రేడియోలో పనిచేయువాడను గనుక ఈ సంగతి నాకు కొంత బాధగానే తోచును. మీట నొక్కి పాట నాపవచ్చును, దాని కోరుకొను చెవిని మూయలేము. 1965 జూనులో బీటిల్స్ పాట పాడినందుకు కుస్ సోదరులను పట్టుకొని జకార్తాలోని గ్లొడొక్ చెరలో ఉంచిరి. మూడు నెలలకు, సెప్టెంబరు 29 న, విడిచిపుచ్చిరి. ఆ మరునాటి రాత్రి మొదలైన కల్లోలము సుకర్ణో అధికారమునే కూల్చినది. సోదరులు తమ చెరసాల దినములను 1967 లో పాటలుగా వెలువరించిరి.

అటుపిమ్మట వచ్చిన సుహార్తో పాలన ముప్పది ఏండ్లకు పైగా సాగెను. 1998 మే 12 న త్రిశక్తి విశ్వవిద్యాలయమున నలుగురు విద్యార్థులు తుపాకిగుండ్లకు బలియైరి. విద్యార్థులు పార్లమెంటు ఆవరణ నాక్రమించిరి. 21 న సుహార్తో దిగిపోయెను.

ఇక నూర్బాయా సంగతి. 1974 నాటి చట్టము ఆడుపిల్లకు 16 ఏండ్లకే పెండ్లిని అనుమతించెను, మగవానికి 19. బాల్యముననే పెండ్లియైన ముగ్గురు స్త్రీలు రాజ్యాంగ న్యాయస్థానము నాశ్రయింపగా, ఆ భేదము చెల్లదని 2018 డిసెంబరులో తీర్పు వచ్చెను. 2019 లో ఇరువురకును 19 ఏండ్లని చట్టము మారినది. అయితే తల్లిదండ్రులు అర్జీ పెట్టుకొన్నచో కోర్టు మినహాయింపు నీయవచ్చును. 2020 లో అట్టి అర్జీలు 60 వేలకు పైగా దాఖలైనవి. వానిలో కొన్నిటి వెనుక పెద్దల ఒత్తిడి కలదు, కొన్నిటి వెనుక పిల్లల సొంత ఇష్టమే కలదు.