ఢిల్లీ నుంచి జకార్తా దాకా
ఆసియా ఫుట్‌బాల్ తొలి రోజులు, ఒక బడిపంతులు కథ

(ఒక విశ్రాంత సీనియర్ అసిస్టెంటు, అంగళ్లు)

లైఫ్ సర్టిఫికెట్లు ఇచ్చే రోజుల్లో మన సంఘం ఆఫీసు ఎలా ఉంటుందో సభ్యులందరికీ తెలుసు. పని పది నిమిషాలు, మాటలు రెండు గంటలు. అలా కూర్చున్నప్పుడు ఒకనాడు మాట ఫుట్‌బాల్ మీదికి పోయింది. ట్రెజరీలో చేసి రిటైరైన మిత్రుడొకరు, “ఏం సామీ, ఇంత పెద్ద దేశం, ఇంతమంది జనం. ఫుట్‌బాల్‌లో మనోళ్ళు ఏనాడన్నా గెలిచిండేది ఉందా?” అన్నారు. పక్కనున్నవాళ్ళంతా లేదని తల ఊపారు. “ఉంది. రెండుసార్లు ఆసియా క్రీడల్లో బంగారు పతకం తెచ్చినారు. రెండుసార్లూ వాళ్ళను తయారు చేసింది మన హైదరాబాదు బడిపంతులు” అన్నాను నేను. ఎవరూ నమ్మలేదు. “అట్లయితే కాగితం మీద పెట్టి చూపించు” అన్నారు. సర్వీసంతా కాగితాల మధ్యనే గడిపినవాడిని, ఆ మాటకు వెనక్కి తగ్గలేకపోయాను. ప్రత్యేక సంచికకు ఏదైనా రాయమని కార్యదర్శి గారు కూడా అడుగుతూనే ఉన్నారు. అందుకే ఈ వ్యాసం.

ఆసియా క్రీడల పుట్టుక

దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన కొత్తలో, ఆసియా దేశాలన్నీ ఒకచోట కలిసి ఆడుకోవాలనే తలంపు గురుదత్ సోంధీ గారికి కలిగింది. ఆయన పట్టుదల వల్ల 1949 ఫిబ్రవరిలో ఢిల్లీలో ఆసియా క్రీడల సమాఖ్య ఏర్పడింది. మొదటి క్రీడలు 1950లోనే జరగవలసింది. ఏర్పాట్లు ముగియక 1951 మార్చి 4 నుంచి 11 వరకు ఢిల్లీలో జరిగాయి. 11 దేశాలు వచ్చాయి. ఫుట్‌బాల్‌లో భారత్, ఇరాన్, జపాన్, ఇండోనేషియా, బర్మా, అఫ్ఘనిస్తాన్ అనే ఆరు జట్లు దిగాయి.

అప్పటికి మనవాళ్ళకు అంతర్జాతీయ అనుభవం కొద్దిపాటిదే. 1948 లండన్ ఒలింపిక్స్‌లో ఫ్రాన్సు చేతిలో 1-2 తేడాతో ఓడిపోయారు. ఆ ఆటలో మనకు రెండు పెనాల్టీలు దొరికితే రెండూ పోయాయి. మనవాళ్ళలో చాలామంది వట్టి కాళ్ళతోనే ఆడారు. 1950 ప్రపంచ కప్పుకు అర్హత దొరికినా జట్టు వెళ్ళలేదు. బూట్లు లేక వెళ్ళలేదని ఒక కథ ప్రచారంలో ఉంది గానీ, ఆ కాలపు మన అధికారులకు ప్రపంచ కప్పు కంటే ఒలింపిక్సే గొప్పగా కనబడేదన్నది చరిత్ర రాసినవాళ్ళలో చాలామంది ఒప్పుకునే మాట.

ఢిల్లీలో మాత్రం కథ వేరుగా నడిచింది. శైలేన్ మన్నా కెప్టెన్. మనవాళ్ళు ఇండోనేషియాను 3-0తోనూ, సెమీ ఫైనల్లో అఫ్ఘనిస్తాన్‌ను 3-0తోనూ గెలిచారు. మార్చి 10న ఇరాన్‌తో ఫైనలు. సాహూ మేవాలాల్ కొట్టిన ఒకే ఒక్క గోలుతో బంగారు పతకం మనదయింది. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మొట్టమొదటి విజేత భారతదేశమే. మా ట్రెజరీ మిత్రుడు ముందు ఈ ఒక్క ఎంట్రీ నోట్ చేసుకోవాలని మనవి.

రహీం సాబు

ఆ జట్టుకు శిక్షకుడు సయ్యద్ అబ్దుల్ రహీం. 1909లో పుట్టారు. ఉస్మానియాలో బి.ఎ. చదివి, హైదరాబాదులో కాచిగూడ, చాదర్‌ఘాట్ వంటి చోట్ల బడుల్లో పాఠాలు చెప్పిన మనిషి. 1943 నుంచి హైదరాబాద్ ఫుట్‌బాల్ అసోసియేషన్ కార్యదర్శిగా పనిచేశారు. హైదరాబాద్ సిటీ పోలీసు జట్టును ఆయన తీర్చిదిద్దితే, ఆ జట్టు బొంబాయి రోవర్స్ కప్పును 1950 నుంచి 1954 దాకా వరసగా అయిదేళ్ళు ఇంకొకరికి వదల్లేదు.

ఆయన పద్ధతి బడిపంతులు పద్ధతే. కొన్ని పోటీల్లో బంతిని ఒక్కడే కాళ్ళ దగ్గర పెట్టుకొని పరుగెత్తకూడదని నిబంధన పెట్టేవారు. బంతి రాగానే పక్కవాడికి అందించాలి. ఇంకొన్ని పోటీల్లో వాటం లేని కాలితోనే తన్నాలి. కుడిచేత్తో రాసే పిల్లవాడిని ఎడమచేత్తో రాయించినట్టన్న మాట. మొదట్లో అందరికీ తడబాటే. కానీ కొన్నాళ్ళకు రెండు కాళ్ళూ ఒకటిగా పనిచేస్తాయి, పదకొండు మందీ ఒక్క మనిషిలా కదులుతారు.

దెబ్బ తగలకుండా పాఠం రాదు కదా! 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా మనల్ని 10-1తో చిత్తు చేసింది. ఆ చలినేల మీద వట్టి కాళ్ళ ఆట సాగలేదు. ఆ తర్వాతే మన సమాఖ్య బూట్లు తప్పనిసరి చేసింది. 1954 మనీలా ఆసియా క్రీడల్లో మనం మొదటి దశ కూడా దాటలేదు.

నాలుగేళ్ళు తిరిగేసరికి మెల్‌బోర్న్ వచ్చింది. 1956 ఒలింపిక్స్‌లో ఆతిథ్య దేశమైన ఆస్ట్రేలియాను మనవాళ్ళు 4-2తో ఓడించారు. అందులో మూడు గోళ్ళు నెవిల్ డిసౌజావి. ఒలింపిక్ ఫుట్‌బాల్‌లో సెమీ ఫైనలు చేరిన తొలి ఆసియా జట్టు మనదే. చివరికి నాలుగో స్థానం దక్కింది. ఆ జట్టులో నూర్ మహమ్మద్, అజీజుద్దీన్, అహ్మద్ హుస్సేన్, జుల్ఫికరుద్దీన్ ఉన్నారు. సికింద్రాబాదు పక్కన అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం అనే కుర్రవాడూ ఉన్నాడు. అందరూ రహీం సాబు చేతి కింద పెరిగినవాళ్ళే. మన రాష్ట్రం ఏర్పడిన కొత్తలో సంతోష్ ట్రోఫీని వరసగా రెండేళ్ళు గెలిచింది కూడా హైదరాబాదు జట్టే.

జకార్తా, 1962

ఇక అసలు ఘట్టం. నాలుగో ఆసియా క్రీడలు జకార్తాలో. ఇజ్రాయెల్, తైవాన్ క్రీడాకారులను ఇండోనేషియా రానివ్వలేదు. ఈ క్రీడలకు బీజం వేసిన సోంధీ గారే అది అన్యాయమని అడ్డం తిరిగారు. దాంతో అక్కడి జనానికి మనవాళ్ళ మీద కోపం వచ్చింది. మన రాయబార కార్యాలయం మీద దాడి జరిగింది. మన క్రీడాకారులు బయట తిరగడానికే జంకవలసి వచ్చింది.

మొదటి ఆటలో దక్షిణ కొరియా చేతిలో 0-2తో ఓడిపోయారు. తర్వాత థాయిలాండ్‌ను 4-1, జపాన్‌ను 2-0, సెమీస్‌లో దక్షిణ వియత్నాంను 3-2తో గెలిచి ఫైనలుకు వచ్చారు. మళ్ళీ అదే కొరియా. వెనక వరసలో ఆడే జర్నైల్ సింగ్‌కు థాయిలాండ్‌తో ఆటలో తల పగిలి కుట్లు పడ్డాయి. రహీం సాబు అతన్ని ఇంటికి పంపలేదు. కట్టుతోనే ముందు వరసకు మార్చారు! అప్పటికే ఆయన ఒంట్లో క్యాన్సర్ ఉంది. ఫైనలుకు ముందు, నాకు బంగారు పతకం కానుకగా ఇవ్వండని ఆయన అడిగారని ఆటగాళ్ళు తర్వాత చెప్పుకున్నారు.

1962 సెప్టెంబరు 4. సెనయాన్ స్టేడియంలో లక్షమంది దాకా జనం, అందరూ మనకు ఎదురే. మన జాతీయ గీతం వినిపించినప్పుడు కూడా గోల చేశారట. ఇది చదివినప్పుడు మదనపల్లె వాడిగా నాకు గుండె చివుక్కుమంది. 1919లో ఠాగూరు గారు మన బీసెంటు కళాశాలకు వచ్చినప్పుడే కదా ఆ గీతాన్ని ఇంగ్లీషులోకి మార్చింది, మార్గరెట్ కజిన్స్ గారు దానికి స్వరాలు రాసింది! పాకిస్తాన్ హాకీ జట్టు వాళ్ళు మాత్రం ఆ రోజు మన వైపు నిలబడి చప్పట్లు కొట్టారని ఆటగాళ్ళు ఎన్నోసార్లు చెప్పారు.

చూనీ గోస్వామి కెప్టెన్‌గా మనవాళ్ళు దిగారు. పి.కె. బెనర్జీ ఒక గోలు, తలకు కట్టుతో ఉన్న జర్నైల్ సింగ్ ఒక గోలు కొట్టారు. చివరలో కొరియా ఒకటి తీర్చుకున్నా 2-1తో బంగారం మనదే. బలరాం, యూసుఫ్ ఖాన్ వంటి హైదరాబాదు పిల్లలు ఆ జట్టులో ఉన్నారు.

మా డ్రిల్లు మాస్టారు

అప్పుడు నాకు పన్నెండేళ్ళు. మరునాడు పొద్దున మా డ్రిల్లు మాస్టారు బడికి ఒక సంచి నిండా బొరుగులూ బెల్లమూ తెచ్చి మా దోసిళ్ళలో పోశారు. “మనం గెలిచినాంరా” అన్నారు. ఏం గెలిచామో మాకు తెలియదు. అడగనూ లేదు. బొరుగులు అయిపోగానే పరుగెత్తాము. ఆ జీతంలో ఆయనకు ఆ సంచి ఎంత బరువో, ఉద్యోగంలో చేరి మొదటి జీతం తీసుకున్న నాడు గానీ నాకు తెలియలేదు. అప్పటికి ఆయన బదిలీ అయిపోయి చాలా ఏళ్ళయింది. మళ్ళీ కనబడలేదు.

ఈ వ్యాసానికి తారీకులు సరిచూసుకుంటుంటే ఒక సంగతి తట్టింది. ఆ మరునాడు 1962 సెప్టెంబరు 5. రాధాకృష్ణన్ గారి పుట్టినరోజును దేశం మొట్టమొదటిసారి ఉపాధ్యాయ దినోత్సవంగా జరుపుకున్న రోజు. ఒక బడిపంతులు ఆసియాను గెలిపించిన మరునాడే!

రహీం సాబు 1963 జూన్ 11న కన్నుమూశారు. యాభై మూడేళ్ళు. పెన్షను తీసుకునే వయసు కూడా రాలేదు. తర్వాత 1970లో బ్యాంకాక్‌లో, హైదరాబాదు వాడే అయిన సయ్యద్ నయీముద్దీన్ కెప్టెన్‌గా, మనకు కాంస్యం వచ్చింది. అప్పటి నుంచి 2023లో చైనాలో జరిగిన క్రీడల దాకా పురుషుల ఫుట్‌బాల్‌లో మరో పతకం లేదు. 2020లో పి.కె., చూనీ గోస్వామి, 2023లో బలరాం వెళ్ళిపోయారు. 2024లో రహీం సాబు మీద ‘మైదాన్’ అనే హిందీ సినిమా వచ్చాక మా మనవడి వయసు పిల్లలకు ఆయన పేరు కొంత తెలిసింది.

కాబట్టి మా ట్రెజరీ మిత్రుడికి జవాబు ఇది: గెలిచాము. గెలిచిన సంగతి రాసి పెట్టుకోలేదు, అంతే. రిజిస్టరులో ఎక్కని పని జరగనట్టే లెక్క అని మన ఆఫీసుల్లో అనుకునేవాళ్ళం కదా!

మన సంఘంలో వ్యాయామ ఉపాధ్యాయులుగా చేసి రిటైరైనవారు ఉన్నారు. మదనపల్లె, పుంగనూరు, కుప్పం బడుల్లో ఎంతమంది పిల్లలను పరుగెత్తించారో, ఎవరెవరు ఎక్కడిదాకా పోయారో వారికే తెలుసు. దయచేసి రెండు పేజీలు రాసి కార్యదర్శి గారికి ఇవ్వండి. అక్షరాలు వణికినా పరవాలేదు, సాపు ప్రతి నేను రాసి పెడతాను. ఆ బొరుగుల ఋణం నాకు ఇంకొక రకంగా తీరేది కాదు.