కొయ్యబారిన వెన్ను

వేలాడే కాలికి మోకాలిచిప్ప కింద డాక్టరు చిన్న సుత్తితో తట్టితే కాలు ఎగరాలి. ఆ తట్టు నడుము దగ్గరి వెన్నుపాము దాకా పోయి, మెదడును అడగకుండానే తిరిగొస్తుంది. జర్మనీలో వెస్ట్‌ఫాల్, ఎర్బ్ ఇద్దరూ ఎవరికి వారే 1875లో ఈ సంగతి రాశారు. కాలు కదలకపోతే దారిలో నరం చెడిందని అనుమానం: పోలియో, ముదిరిన సవాయి, షుగరు. మరీ ఎగిరిపడితే జబ్బు ఇంకా పైన ఉంది.

నల్లగొండ ఫ్లోరైడ్ రోగుల్లో వెన్నుపాము దెబ్బతిన్నవాళ్ల మోకాళ్లు ఎక్కువగా చెప్పింది ఈ రెండో మాటే. బోరునీళ్ల ఫ్లోరైడ్ ఏళ్ల తరబడి ఎముకలో పేరుకుంటుంది. వెన్నుపూసలు మందమై, వాటిని కట్టి ఉంచే నారలు కూడా ఎముకగా మారి, వెన్నుపాము దారి ఇరుకవుతుంది. మెడ దగ్గర నొక్కుకుంటే చేతుల్లో కండ కరుగుతుంది, మోకాలు ఎగిరెగిరి పడుతుంది. నడుము దగ్గర నరాల మొదళ్లు నలిగితే మోకాలు కూడా మూగబోతుంది. నాగలి దున్నిన మనిషి ముందు మెడ తిప్పలేడు, తర్వాత వంగలేడు, కర్ర పడతాడు, ఆఖరికి మంచం పడతాడు.

ఇది తెలియక జరిగింది కాదు. నల్లగొండ ఫ్లోరోసిస్ మీద సిద్దిఖీ రాసిన వ్యాసం బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో 1955 డిసెంబరులో వచ్చింది. ఆ నెల 10నే నెహ్రూ నాగార్జునసాగర్‌కు శంకుస్థాపన చేశారు. కృష్ణ నీళ్లు ఆ సాగరానికే చేరుతాయి. సాగర్ ఒక ఒడ్డు ఉన్నది నల్లగొండ గడ్డ మీదే. అయినా మర్రిగూడ, మునుగోడు మెట్ట ఊళ్లు బోరునీళ్లే తాగాయి. పటిక, సున్నంతో ఫ్లోరైడ్ తీసే పద్ధతి మాత్రం ‘నల్లగొండ టెక్నిక్’ పేరుతో దేశాలు తిరిగింది. ఏం పేరు ప్రతిష్ఠలో!

మర్రిగూడ దగ్గరి శివన్నగూడెం అంశల స్వామి ఎముకలు ఫ్లోరైడ్‌తో చిన్ననాడే వంకరపోయాయి. నీళ్ల కోసం పోరాడిన దుశర్ల సత్యనారాయణ ఆయన్ని ఢిల్లీ తీసుకుపోయి ప్రధాని వాజపేయి ముందు బల్ల మీద పడుకోబెట్టారు. కాగితాలు చెప్పి చెప్పి అలిసిపోయాయి మరి. కృష్ణా నీళ్లు నల్లాల్లోకి వచ్చేసరికి అర్ధశతాబ్దం దాటింది. మంచినీళ్లు పుట్టబోయే పిల్లల ఎముకలను కాపాడతాయి. గట్టిపడిన వెన్నును మెత్తబరచలేవు. బండి మీంచి పడి దెబ్బలు తగిలిన స్వామి 2022 జనవరిలో కన్నుమూశారు.